రెండు సంతకాలు, రెండు చింపుళ్లు: శ్రీలంక తమిళ ఎంపీ చెల్వనాయకం కథ

 

1956 అనగానే మనకి గుర్తొచ్చే తేదీ నవంబర్ 1. భాషను బట్టి రాష్ట్రాలు ఏర్పడ్డ రోజు, ఆంధ్రప్రదేశ్ పుట్టిన రోజు. తెలంగాణ వాళ్లకి ఆ తేదీ మీద వేరే అభిప్రాయం ఉంటుంది, దాని దగ్గరికి చివర్లో వద్దాం. సరిగ్గా అదే ఏడాది, రామేశ్వరం నుంచి సముద్రం దాటితే వచ్చే చిన్న దేశంలో పార్లమెంటు ఇంకో రకం చట్టం చేసింది. దేశానికి ఒకటే అధికార భాష, అది సింహళం. అంతే. మరి తమిళం మాట్లాడేవాళ్ల సంగతేంటి అంటే, ఆ చట్టంలో జవాబు లేదు.

ఆ దేశం పేరు అప్పట్లో సిలోన్. మీ ఇంట్లో పెద్దవాళ్లు "రేడియో సిలోన్" అంటుంటారు కదా, అదే. 1972లో శ్రీలంక అయింది. శ్రీలంక తమిళుల గురించి అడిగితే మనలో చాలామందికి ఒకే పేరు తెలుసు, ప్రభాకరన్. తుపాకులు, పులి బొమ్మ జెండా, 2009లో యుద్ధం ముగిసిన వార్తలు, ఇంతవరకే. కానీ ఆ తుపాకుల కంటే ముందు దాదాపు 30 ఏళ్ల పాటు తమిళుల తరఫున మాట్లాడిన మనిషి ఒకాయన ఉన్నారు. చేతిలో కర్ర కూడా పట్టని లాయర్. పేరు ఎస్.జె.వి. చెల్వనాయకం. అక్కడి తమిళులు ఆయన్ని "తందై చెల్వా" అంటారు, అంటే తండ్రి చెల్వా అని. ఇవాళ ఆయన రాజకీయ జీవితం గురించి మాట్లాడుకుందాం.

నన్ను ఈ కథలో పట్టి ఆపింది ఒకటే. ఈయన ఇద్దరు ప్రధానమంత్రులతో రెండు ఒప్పందాలు చేసుకున్నారు. రెండింటి మీదా సంతకాలు ఉన్నాయి. రెండూ అమలు కాలేదు. ఆ రెండు కాగితాల విలువ ఎంతో తర్వాత వచ్చిన యుద్ధం చెప్పింది.

ముందు మనిషి గురించి

చెల్వనాయకం 1898 మార్చి 31న పుట్టారు. పుట్టింది శ్రీలంకలో కాదు, మలయాలోని ఇపో పట్టణంలో. ఇవాళ్టి మలేషియా అన్నమాట. చిన్నప్పుడే జాఫ్నా దగ్గర ఉన్న తెల్లిప్పళై అనే సొంతూరికి వచ్చేశారు. సైన్స్‌లో డిగ్రీ చేసి కొన్నాళ్లు టీచర్‌గా పని చేశారు, తర్వాత లా చదివి కొలంబోలో పేరున్న సివిల్ లాయర్ అయ్యారు. మతం క్రైస్తవం. ఆయన్ని గెలిపించిన కాంకేసంతురై నియోజకవర్గంలో ఎక్కువమంది హిందువులు. అయినా వాళ్లకి అది అడ్డు రాలేదు.

మనిషి సన్నగా ఉండేవారు, మాట మెల్లగా ఉండేది. చివరి సంవత్సరాల్లో పార్కిన్సన్స్ వ్యాధి, దానికి తోడు సరిగ్గా వినపడదు. మన దగ్గర లీడర్ అంటే మైక్ పగిలిపోయేలా మాట్లాడాలి అనుకుంటాం కదా, ఈయన దానికి పూర్తిగా రివర్స్.

1947లో సిలోన్‌లో పార్లమెంటు ఎన్నికలు జరిగాయి. అప్పటికి తమిళుల పెద్ద పార్టీ తమిళ కాంగ్రెస్, దాని నాయకుడు జి.జి. పొన్నంబలం. ఆ పార్టీ తరఫునే చెల్వనాయకం మొదటిసారి ఎంపీ అయ్యారు. 1948 ఫిబ్రవరి 4న దేశానికి స్వాతంత్ర్యం వచ్చింది. ఇక్కడిదాకా అంతా బాగానే ఉంది.

మొదటి దెబ్బ తగిలింది ఆయన వాళ్లకి కాదు

ఇక్కడ ఒక విషయం క్లియర్‌గా చెప్పుకోవాలి. శ్రీలంకలో తమిళులు అంటే ఒకటే గుంపు కాదు. ఉత్తరాన, తూర్పున శతాబ్దాలుగా ఉంటున్నవాళ్లు ఒకరు. బ్రిటిష్ కాలంలో టీ తోటల్లో పనికి మద్రాసు ప్రెసిడెన్సీ నుంచి తీసుకెళ్లిన కూలీల సంతతి ఇంకొకరు. వీళ్లని మలైయగ తమిళులు అంటారు, అంటే కొండ ప్రాంతం వాళ్లని. రెండు వర్గాల మధ్య భాష ఒకటే, బతుకులు మాత్రం వేరు. జాఫ్నాలో లాయర్లు, డాక్టర్లు, క్లర్కులు ఉంటే, తోటల్లో పొద్దున్నే బుట్ట కట్టుకుని ఆకు కోసే ఆడవాళ్లు.

1948లోనే సిలోన్ పౌరసత్వ చట్టం వచ్చింది. అందులో పెట్టిన షరతుల వల్ల, తోటల్లో ఉండే దాదాపు 7 లక్షలకు పైగా మంది ఏ దేశానికీ చెందనివాళ్లు అయిపోయారు. తాత ముత్తాతలు అక్కడే పుట్టారని కాగితాలు చూపించాలి. తోట కూలీకి ఆ కాగితాలు ఎక్కడి నుంచి వస్తాయి? ఆ తర్వాత ఓటు హక్కు కూడా పోయింది. 1947లో తమ ఓటుతో ఎంపీలను గెలిపించుకున్న మనుషులు, 1952 వచ్చేసరికి ఓటర్ల జాబితాలోనే లేరు.

పొన్నంబలం మొదట ఈ చట్టాన్ని వ్యతిరేకించి, ఆ వెంటనే అదే ప్రభుత్వంలో మంత్రి అయ్యారు. చెల్వనాయకానికి అది మింగుడుపడలేదు. ఆయన వాదన సారాంశం ఇది: ఇవాళ తోట కూలీల వంతు, రేపు భాష దగ్గరికి వచ్చేసరికి మన వంతు. చాలామంది జాఫ్నా తమిళులకు తోట కూలీల సమస్య తమ సమస్యగా అనిపించని రోజుల్లో ఆయన ఈ మాట అన్నారు.

పార్టీ చీలింది. 1949 డిసెంబర్ 18న కొలంబోలోని మరదానలో కొత్త పార్టీ పెట్టారు. తమిళంలో పేరు ఇలంగై తమిళ్ అరసు కట్చి, ఇంగ్లిష్‌లో ఫెడరల్ పార్టీ. ఆ పేరు గుర్తుపెట్టుకోండి. ఆయన అడిగింది వేరే దేశం కాదు, సమాఖ్య. ఒకే దేశం, అందులో తమిళ ప్రాంతానికి తన పనులు తాను చూసుకునే అధికారం. మన రాష్ట్రాల లాగా అనుకోండి.

జనం ఏం చేశారు? 1952 ఎన్నికల్లో కాంకేసంతురైలో ఆయన్నే ఓడించారు. పార్టీకి వచ్చినవి రెండు సీట్లు. అంటే జాఫ్నా ఓటరుకి అప్పట్లో ఫెడరల్ అనే మాట అంత అవసరంగా కనిపించలేదు. ఆ అవసరాన్ని సృష్టించింది నాలుగేళ్ల తర్వాత వచ్చిన చట్టం.

1956: ఒకే భాష

సింహళుల వైపు నుంచి కూడా చూడాలి, లేకపోతే కథ సగమే తెలుస్తుంది. దేశంలో సింహళులు దాదాపు 70 శాతం. బ్రిటిష్ వాళ్లు వెళ్లిపోయినా ఆఫీసుల్లో, కోర్టుల్లో ఇంగ్లిషే. ఊళ్లో సింహళంలో చదువుకున్న కుర్రాడికి మంచి ఉద్యోగం అందని ద్రాక్ష. జాఫ్నాలో మాత్రం మిషనరీ స్కూళ్లు ముందే వచ్చాయి, ఇంగ్లిష్ చదువు ముందే వచ్చింది, కాబట్టి ప్రభుత్వ ఉద్యోగాల్లో తమిళులు తమ జనాభా వాటా కంటే ఎక్కువగా కనిపించేవారు. దానికి తోడు, జలసంధి దాటితే తమిళనాడులో కోట్లమంది తమిళులు. ప్రపంచంలో సింహళానికి ఇంకో చోటు లేదు. ఈ భయాలు ఉత్తుత్తివి కావు.

ఆ భయాల మీద గెలిచినాయన ఎస్.డబ్ల్యు.ఆర్.డి. బండారనాయకె. గెలిస్తే సింహళాన్ని అధికార భాష చేస్తానని మాటిచ్చి, 1956లో 95 సీట్లలో 51 తెచ్చుకున్నారు. తమాషా ఏంటంటే, అటు ఉత్తర తూర్పుల్లో చెల్వనాయకం పార్టీ రెండు నుంచి పదికి పెరిగింది. ఒకే ఎన్నిక, దేశం రెండు దిక్కులకి ఓటేసింది.

జూన్ 5న బిల్లు సభకి వచ్చిన రోజు, పార్లమెంటు ఎదురుగా సముద్రం ఒడ్డున ఉన్న గాల్ ఫేస్ మైదానంలో చెల్వనాయకం, ఆయన పార్టీవాళ్లు సత్యాగ్రహానికి కూర్చున్నారు. గాంధీ పద్ధతి, కొట్టినా తిరగబడకూడదు. గుంపులు వచ్చి నిజంగానే కొట్టాయి. ఆయన శిష్యుడు, యువ ఎంపీ అమృతలింగం తలకి కట్టు కట్టుకుని సభలోకి వెళ్లారు. దేశంలో ఇంకొన్ని చోట్ల కూడా అల్లర్లు జరిగాయి, తూర్పున గల్ ఓయా ప్రాంతంలో ప్రాణాలు పోయాయి. బిల్లు పాసైంది.

మొదటి సంతకం

ఇప్పుడు చెల్వనాయకం దగ్గర ఏముంది? పది మంది ఎంపీలు. వాళ్లతో ఏ చట్టాన్నీ ఆపలేరు. అందుకే సభ బయట పెద్ద సత్యాగ్రహం చేస్తామని ప్రకటించి, ఆ ఒత్తిడితో ప్రధానితో మాటలకి కూర్చున్నారు. 1957 జూలై 26న ఇద్దరూ సంతకం చేశారు. చరిత్రలో దాన్ని బండారనాయకె-చెల్వనాయకం ఒప్పందం అంటారు, అక్కడ వాళ్లు షార్ట్‌గా బి-సి ఒప్పందం అంటారు.

అందులో ఏముందో చూద్దాం. ప్రాంతీయ మండళ్లు ఏర్పాటు చేస్తారు. వ్యవసాయం, భూములు, చదువు, ఆరోగ్యం, చేపల వేట, రోడ్లు, ఇలాంటివి వాటి చేతికి ఇస్తారు. ప్రభుత్వం భూమి పంచి బయటి నుంచి రైతుల్ని తెచ్చి స్థిరపరిచే పథకాల్లో ఎవరిని తీసుకోవాలో మండళ్లకే చెప్పే హక్కు ఉంటుంది. ఉత్తర, తూర్పు రాష్ట్రాల్లో ఆఫీసు పని తమిళంలో జరుగుతుంది.

దీనికి బదులుగా చెల్వనాయకం ఏం వదులుకున్నారు? పార్టీ పేరులోనే ఉన్న ఫెడరల్ డిమాండ్‌ని పక్కన పెట్టారు. రెండు భాషలకీ సమాన హోదా అన్న డిమాండ్‌నీ పక్కన పెట్టారు. సత్యాగ్రహం ఆపేశారు. సొంత వాళ్లలోనే కొందరు అమ్ముడుపోయాడన్నారు. ఇది తాత్కాలిక సర్దుబాటే, ముందు దీన్ని నిలబెట్టుకుందాం అన్నది ఆయన లెక్క.

అవతలి వైపు అంతకంటే పెద్ద గొడవ. ప్రతిపక్షంలో ఉన్న జె.ఆర్. జయవర్ధనె ఈ ఒప్పందం దేశాన్ని ముక్కలు చేస్తుందంటూ 1957 అక్టోబర్‌లో కొలంబో నుంచి కాండీకి పాదయాత్ర మొదలుపెట్టారు. కాండీలో బుద్ధుడి దంత ఆలయం ఉంది, సింహళ బౌద్ధులకు అంతకంటే పవిత్రమైన చోటు లేదు. యాత్రని దారిలో ఇంబుల్‌గొడ దగ్గర అడ్డుకున్నారు, కానీ మంట అంటుకుంది.

తర్వాత బస్సుల నంబర్ ప్లేట్ల గొడవ. ప్రభుత్వం కొత్త బస్సులకి సింహళ లిపిలో "శ్రీ" అక్షరం పెట్టి జాఫ్నాకి కూడా పంపింది. "శ్రీ" అంటే మనకి శుభం, పెళ్లి కార్డు మీద మొదటి అక్షరం. అక్కడ అదే అక్షరం మీద తమిళ యువకులు తారు పూశారు. దానికి బదులుగా దక్షిణాన తమిళ బోర్డుల మీద తారు పూశారు. ఒక అక్షరం గొడవకి సరిపోయింది.

1958 ఏప్రిల్ 9. వందకు పైగా బౌద్ధ భిక్షువులు, వాళ్లతో ఇంకొంతమంది, కొలంబో రోజ్‌మీడ్ ప్లేస్‌లో ఉన్న ప్రధాని ఇంటి ముందు పచ్చికలో బైఠాయించారు. ఒప్పందం రద్దు చేస్తేనే కదులుతాం అన్నారు. బండారనాయకె మొదట మాటతో సర్దిచెప్పాలని చూశారు, వాళ్లు వినలేదు. చివరికి రద్దు చేస్తున్నట్టు రాతపూర్వకంగా ఇచ్చారు. ఎనిమిదిన్నర నెలల ఒప్పందం అలా పోయింది.

మా సాఫ్ట్‌వేర్ భాషలో చెప్పాలంటే, మీటింగ్‌లో అందరూ ఓకే అన్నారు, మెయిల్ కూడా వెళ్లింది, కానీ ప్రొడక్షన్‌లోకి మాత్రం ఎప్పుడూ వెళ్లలేదు.

ఆ మే నెలలో దేశమంతా అల్లర్లు. రైళ్లు ఆపి తమిళుల్ని కొట్టారు, ఇళ్లు తగలబెట్టారు, వందలాది మంది చనిపోయారు. కొలంబో నుంచి వేలాదిమంది తమిళుల్ని ఓడల్లో జాఫ్నాకి తరలించాల్సి వచ్చింది. ఎమర్జెన్సీ పెట్టి ఫెడరల్ పార్టీని నిషేధించారు, చెల్వనాయకంతో సహా దాని ఎంపీల్ని నిర్బంధించారు. వాళ్లు నిర్బంధంలో ఉండగానే, తమిళాన్ని కొన్ని పనులకి వాడుకోవచ్చంటూ 1958లో ఒక చట్టం చేశారు. చట్టం అయితే వచ్చింది, దాన్ని అమలు చేసే నిబంధనలు రావడానికి 1966 దాకా పట్టింది. ఎనిమిదేళ్లు!

బండారనాయకెని 1959 సెప్టెంబర్‌లో ఒక బౌద్ధ భిక్షువు కాల్చి చంపాడు. ఎవరి మద్దతుతో అధికారంలోకి వచ్చారో ఆ వర్గం నుంచే చావు వచ్చింది.

రెండో సంతకం

మామూలు మనిషైతే ఇక్కడ ఆగిపోతాడు. చెల్వనాయకం ఆగలేదు. 1961 ఫిబ్రవరి 20న జాఫ్నా కచేరీ ముందు సత్యాగ్రహం మొదలైంది. అక్కడ కచేరీ అంటే జిల్లా కలెక్టరాఫీసు లాంటిది. పోలీసులు వాళ్లని తొక్కుకుంటూ లోపలికి వెళ్లాల్సిన పరిస్థితి. మిగతా తమిళ జిల్లాలకీ పాకింది. ఏప్రిల్‌లో సొంత తపాలా స్టాంపులు వేసి ఉత్తరాలు పంచే దాకా వెళ్లారు. వెంటనే ఎమర్జెన్సీ, సైన్యం, అరెస్టులు. నాయకుల్ని పనగొడ సైనిక శిబిరంలో నెలల తరబడి ఉంచారు.

1965 ఎన్నికల్లో ఎవరికీ పూర్తి మెజారిటీ రాలేదు. ఫెడరల్ పార్టీ చేతిలో 14 సీట్లు. సంకీర్ణ రాజకీయాలు మనకి బాగా తెలుసు, 14 సీట్లంటే అప్పుడు బంగారం. మార్చి 24న యు.ఎన్.పి. నాయకుడు డడ్లీ సేననాయకె, చెల్వనాయకం ఇంకో ఒప్పందం మీద సంతకం చేశారు. ఈసారి ప్రాంతీయ మండళ్ల బదులు జిల్లా మండళ్లు, అంటే ఇంకో మెట్టు కిందికి దిగారు. తమిళంలో పాలన, కోర్టు పనులు, భూముల పంపిణీలో స్థానికులకి ముందు వరస. ఈసారి ఫెడరల్ పార్టీ తరఫున ఎం. తిరుచెల్వం మంత్రి కూడా అయ్యారు.

1966 జనవరిలో తమిళ భాష నిబంధనలు సభకి వచ్చాయి. వాటిని వ్యతిరేకిస్తూ కొలంబో వీధుల్లోకి వచ్చినవాళ్లలో వామపక్షాలు కూడా ఉన్నాయి. 1956లో సింహళం ఒక్కటే అన్న చట్టాన్ని సభలో గట్టిగా ఎదిరించిన పార్టీలవి. పదేళ్లలో ఓట్ల లెక్క మారిపోయింది.

1968లో జిల్లా మండళ్ల ప్రతిపాదన బయటికి వచ్చింది. ప్రతిపక్షం మండిపడింది, ప్రధాని సొంత పార్టీలోనే గొణుగుడు మొదలైంది. సేననాయకె వెనక్కి తగ్గారు. తిరుచెల్వం మంత్రి పదవికి రాజీనామా చేశారు, తర్వాత పార్టీ కూడా ప్రభుత్వం నుంచి బయటికి వచ్చేసింది.

ఒక ప్యాటర్న్ గమనించారా? 1957లో బండారనాయకె పార్టీ ఒప్పందం చేస్తే యు.ఎన్.పి. వీధిలోకి వచ్చి ఆపింది. 1965లో యు.ఎన్.పి. ఒప్పందం చేస్తే బండారనాయకె పార్టీ వీధిలోకి వచ్చి ఆపింది. అధికారంలో ఉన్నప్పుడు ఇద్దరికీ ఇది న్యాయమే అనిపించింది, ప్రతిపక్షంలో ఉన్నప్పుడు ఇద్దరికీ ఇది దేశద్రోహం అనిపించింది. మధ్యలో 10, 14 సీట్ల మనిషి ఎవరి దగ్గరికి వెళ్లాలి?

కోర్టు దారి లేదా అంటారేమో. ఆ దారి కూడా ప్రయత్నించారు. సింహళం పరీక్ష పాసవలేదని జీతం పెంపు ఆపేస్తే, ఒక తమిళ ప్రభుత్వ ఉద్యోగి భాషా చట్టం చెల్లదంటూ కేసు వేశాడు. జిల్లా కోర్టులో గెలిచాడు, సుప్రీంకోర్టులో ఓడాడు. 1969లో లండన్‌లోని ప్రివీ కౌన్సిల్ సుప్రీంకోర్టు తీర్పుని పక్కన పెట్టి, అసలు ప్రశ్న మళ్లీ తేల్చమని వెనక్కి పంపింది. ఆ ప్రశ్న తేలకముందే లండన్‌కి అప్పీళ్లు ఆపేశారు, రాజ్యాంగమే మార్చేశారు.

జలసంధికి రెండు వైపులా

ఇక్కడ ఒక్క నిమిషం ఆగి ఇటు ఇండియా వైపు చూద్దాం. ఎందుకంటే ఇదే సమయంలో ఇంకో తమిళ ఎంపీ కథ సరిగ్గా దీనికి ఎదురుగా నడుస్తోంది.

సి.ఎన్. అన్నాదురై 1962లో రాజ్యసభకి వెళ్లారు. వెళ్లి అడిగింది ఏంటి? ద్రవిడనాడు అనే వేరే దేశం. ఆ ఊహలో మన తెలుగు ప్రాంతం కూడా ఉంది, మనల్ని ఎవరూ అడగలేదనుకోండి! మనకి 1953లోనే ఆంధ్ర రాష్ట్రం వచ్చేసింది కాబట్టి మనవాళ్లకి దాని మీద ఆసక్తి లేదు. 1963లో దేశం నుంచి విడిపోవాలనే ప్రచారాన్ని అడ్డుకునే రాజ్యాంగ సవరణ వచ్చాక డి.ఎం.కె. ఆ డిమాండ్ వదిలేసింది. 1965లో హిందీకి వ్యతిరేకంగా మద్రాసు రాష్ట్రం అట్టుడికింది, చాలామంది చనిపోయారు. కానీ 1967లో ఏమైంది? ఎన్నికల్లో గెలిచి అన్నాదురై ముఖ్యమంత్రి అయ్యారు. అదే ఏడాది పార్లమెంటు అధికార భాషల చట్టాన్ని సవరించింది. హిందీయేతర రాష్ట్రాలు ఒప్పుకునేదాకా ఇంగ్లిష్ కొనసాగుతుందన్న నెహ్రూ హామీ అలా చట్టంలోకి ఎక్కింది.

అంటే ఈ ఒడ్డున ఒకాయన వేరే దేశం అడుగుతూ మొదలుపెట్టి, రాష్ట్ర ముఖ్యమంత్రిగా ముగించారు. దాదాపు 30 కిలోమీటర్ల అవతల ఒడ్డున ఇంకొకాయన రాష్ట్రం లాంటిది అడుగుతూ మొదలుపెట్టి, వేరే దేశం అడుగుతూ ముగించారు. ఇద్దరిలో ఎవరు మెత్తనివాళ్లు అని 1956లో ఎవరినైనా అడిగి ఉంటే చెల్వనాయకం పేరే చెప్పేవారు. తేడా ఎక్కడ వచ్చిందంటే, ఇక్కడ ఇచ్చిన మాట చట్టం అయింది, గెలిస్తే కూర్చోవడానికి ఒక రాష్ట్ర అసెంబ్లీ ఉంది. అక్కడ ఆ రెండూ లేవు.

ఆఖరి ఆట

1970లో సిరిమావో బండారనాయకె కూటమి భారీ మెజారిటీతో వచ్చింది. ఫెడరల్ పార్టీకి 13 సీట్లు వచ్చాయి కానీ ఇప్పుడు వాటితో ఎవరికీ అవసరం లేదు. కొత్త రాజ్యాంగం రాయడానికి సభ కూర్చుంది. చెల్వనాయకం పార్టీ వెళ్లింది, సవరణలు ఇచ్చింది, అవి వీగిపోయాయి, 1971లో బయటికి వచ్చేసింది. 1972 మే 22న కొత్త రాజ్యాంగం అమల్లోకి వచ్చింది. సింహళం అధికార భాష, బౌద్ధానికి ప్రథమ స్థానం. మైనారిటీల రక్షణకి పాత రాజ్యాంగంలో ఉన్న 29వ సెక్షన్ పోయింది. యూనివర్సిటీ సీట్లకి భాషల వారీగా మార్కుల సర్దుబాటు కూడా ఆ రోజుల్లోనే వచ్చింది. మెడిసిన్, ఇంజనీరింగ్ సీటు కోసం తమిళ మీడియం పిల్లలకి ఎక్కువ మార్కులు కావాలి. సీటు కోసం ఎంసెట్ రాసిన మనకి, ఆ వయసులో అది ఎంత మండుతుందో వేరే చెప్పక్కర్లేదు.

అప్పుడు చెల్వనాయకం ఒక పని చేశారు. 1972 అక్టోబర్‌లో తన ఎంపీ సీటుకి రాజీనామా చేసి ప్రభుత్వానికి సవాలు విసిరారు. ఈ రాజ్యాంగాన్ని తమిళులు ఒప్పుకుంటున్నారో లేదో కాంకేసంతురై ఓటరునే అడుగుదాం, నా మీద పోటీ పెట్టండి అన్నారు. 74 ఏళ్ల మనిషి, వణికే చేతులు. అయినా ఆయన ఎంచుకున్న ఆయుధం మళ్లీ బ్యాలెట్టే.

ఉప ఎన్నిక ఎప్పుడు పెట్టారు? 1975 ఫిబ్రవరి 6న. రెండేళ్ల నాలుగు నెలలు ఆగారు. ఆయనకి 25,927 ఓట్లు, ప్రత్యర్థి కమ్యూనిస్టు అభ్యర్థికి 9,457. ఇక తమిళులకి సొంత రాజ్యం తప్ప దారి లేదని జనం తీర్పిచ్చినట్టే అని ఆయన ప్రకటించారు. 1952లో అదే నియోజకవర్గం ఫెడరల్ అన్న మాటకే ఆయన్ని ఓడించింది, గుర్తుంది కదా. 23 ఏళ్లలో ఓటరు ఎంత దూరం వచ్చాడో చూడండి.

కానీ ఆ రెండేళ్ల నాలుగు నెలల్లో కుర్రాళ్లు ఆగలేదు. ఉప ఎన్నిక జరిగిన ఏడాదిలోనే, జూలై 27న జాఫ్నా మేయర్ ఆల్ఫ్రెడ్ దురైయప్పాని కాల్చి చంపారు. చంపినవాళ్లలో ఉన్న 20 ఏళ్ల కుర్రాడి పేరు ప్రభాకరన్. చనిపోయింది తమిళుడే, చంపిందీ తమిళులే.

1976 మే 14న వట్టుకోట్టై దగ్గర జరిగిన మహాసభలో స్వతంత్ర తమిళ ఈళం కావాలని తీర్మానం చేశారు, అధ్యక్షత చెల్వనాయకానిదే. 1977 ఏప్రిల్ 26న ఆయన చనిపోయారు. మూడు నెలలకి జరిగిన ఎన్నికల్లో ఆ తీర్మానం మీద పోటీ చేసిన ఆయన కూటమి 18 సీట్లు గెలిచింది, తలకి కట్టుతో సభకి వెళ్లిన అమృతలింగం దేశానికే ప్రతిపక్ష నాయకుడయ్యారు. ఆ అమృతలింగాన్ని 1989లో కొలంబోలో చంపింది సింహళ గుంపులు కాదు, టైగర్లు. మాట్లాడదాం అన్నవాళ్లకి రెండు వైపులా చోటు లేకుండా పోయింది.

ఆయన తప్పు ఏమీ లేదా?

కామెంట్లలో ఈ ప్రశ్న ఎలాగూ వస్తుంది కాబట్టి నేనే అడుగుతున్నాను. ఉంది. వట్టుకోట్టై తీర్మానం చేసినప్పుడు, ఆ దేశం ఎలా వస్తుందో ఆయన దగ్గర ప్లాన్ లేదు. అహింస తప్ప ఇంకో పద్ధతి ఆయనకి తెలియదు, అహింసతో వేరే దేశం ఎలా వస్తుందో ఎవరికీ తెలియదు. తోట తమిళుల నాయకుడు తొండమాన్ ఆ వేరు దేశం మాటకి కలిసి రాలేదు. తన జనం ఉండేది దేశం నడిమధ్య కొండల్లో కదా, వాళ్లని ఎక్కడ వదిలేస్తారు? ఎవరి కోసమైతే చెల్వనాయకం 1949లో పార్టీ చీల్చారో, వాళ్లకే ఆ చివరి మ్యాపులో చోటు లేదు. పెద్దవాళ్లు నినాదం ఇచ్చారు, దాన్ని మోసింది 20 ఏళ్ల కుర్రాళ్లు. ఈ లెక్క ఆయన ఖాతాలో కూడా రాయాలి.

కానీ అసలు అప్పు ఎవరిదో కూడా చూడాలి. 1987లో, యుద్ధం మధ్యలో, ఇండియా-శ్రీలంక ఒప్పందం తర్వాత శ్రీలంక 13వ రాజ్యాంగ సవరణ చేసింది. అందులో ఏముంది? రాష్ట్రాలకి మండళ్లు, తమిళానికి కూడా అధికార భాష హోదా. 1957లో చెల్వనాయకం అడిగినదానికి ఇది దగ్గరి చుట్టమే. అప్పుడు అధ్యక్షుడు ఎవరో తెలుసా? జె.ఆర్. జయవర్ధనె. 1957లో ఆ ఒప్పందానికి వ్యతిరేకంగా కాండీకి నడిచినాయనే. 30 ఏళ్ల తర్వాత, వేల శవాల తర్వాత, ఆయనే సంతకం పెట్టారు. అప్పటికి అది ఎవరికీ సరిపోలేదు.

మొదట్లో తెలంగాణ మాట చివర్లో చెప్తానన్నాను. 1956 ఫిబ్రవరి 20న ఢిల్లీలో ఆంధ్ర, తెలంగాణ నాయకులు పెద్దమనుషుల ఒప్పందం చేసుకున్నారు. ఉద్యోగాలు, నిధులు, ప్రాంతీయ మండలి, ఇలా రక్షణలు రాసుకున్నారు. అవి సరిగ్గా అమలు కాలేదన్న కోపమే 1969 ఉద్యమానికి నిప్పు. బి-సి ఒప్పందం కంటే ఏడాదిన్నర ముందు కాగితం అది. రెండు చోట్లా సమస్య ఒకటే, మెజారిటీ మాటిస్తే దాన్ని నిలబెట్టించే యంత్రం ఏది? తేడా ఏంటంటే, మన దగ్గర కొత్త రాష్ట్రం ఇచ్చే దారి రాజ్యాంగంలోనే ఉంది. ఎన్నో ప్రాణాలు పోయి, చాలా ఆలస్యమైనా, 2014లో ఆ దారిలోనే తెలంగాణ వచ్చింది. చెల్వనాయకానికి అలాంటి తలుపే లేదు. ఉన్నదల్లా ప్రధానమంత్రి సంతకం, ఆ సంతకానికి కాపలా లేదు.

అందుకే, ఎవరైనా "వాళ్లు తక్కువ మందే కదా, ఇప్పుడు ఓకే అనేద్దాం, తర్వాత చూద్దాం" అంటే నాకు ఈ కథ గుర్తొస్తుంది. మెత్తగా మాట్లాడే మనిషికి ఇచ్చిన మాట తప్పితే ఆయన ఏమీ చేయలేడు, నిజమే. కానీ ఆయన వెనక నిలబడి చూస్తున్న కుర్రాడు, మాటలతో పని కాదని ఆ రోజే నేర్చుకుంటాడు.

ఇదీ తందై చెల్వా కథ. 1956లో మీరు బండారనాయకె స్థానంలో ఉంటే, గెలిపించిన ఓటరుకి, ఎదురుగా కూర్చున్న చెల్వనాయకానికి ఏం చెప్పేవారో కామెంట్‌లో రాయండి. అన్నీ చదువుతాను. మళ్లీ ఇంకో ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను.